ఉప్పు లేని జాడీ

మోత్కూరులో ఆలివ్ నూనె రెండు రకాలుగా దొరుకుతుంది. మెడికల్ షాపులో గ్రైప్ వాటర్ సీసాల పక్కన ఉండే చిన్న డబ్బా ఒకటి. అది పసిపిల్లల ఒంటికి రుద్దడానికి. ఆన్‌లైన్‌లో ఆర్డర్ పెడితే ఐదు చుట్ల బబుల్ కవర్‌లో వచ్చే లీటరు సీసా రెండోది. అది వంటకు. రెండింటిలో ఉన్నదీ ఒకే కాయ నూనె అన్న సంగతి లింగస్వామికి ఎవరూ చెప్పకుండా ఉంటే బాగుండేది. కానీ ఆయన కూతురు మనస్విని చెప్పింది. ఆ పిల్ల హైదరాబాద్ కంపెనీ ఒకదానికి ఇంట్లో కూర్చునే సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ చేస్తుంది. ఎవరో కష్టపడి కట్టినదాంట్లో లోపం ఎక్కడుందో వెతికి మొహం మీద చెప్పడమే ఆమె పని. ఆ అలవాటు అన్నం దగ్గర కూడా పోదు.

"అంటే పురిట్ల నీకు రుద్దిన నూనెతోని నాకు పప్పు పోపు పెడుతున్నరన్నట్టు," అన్నాడు లింగస్వామి, కలిపిన ముద్దను కంచంలోనే వదిలేసి.

"రుద్దేది వేరు, తినేది వేరు బాపూ. కాయ ఒక్కటే."

"కాయ ఒక్కటైతే వాసన గూడ ఒక్కటే ఉంటది గద బిడ్డా."

మనస్విని సీసా మూత తీసి తనూ వాసన చూసింది. ముందు పచ్చిగడ్డి, తర్వాత ఏదో లేత కాయ చిదిమినట్టు, అన్నిటికీ అడుగున స్నానం చేయించి పౌడరు అద్దిన పసిపిల్ల. బాపు అన్నది తప్పేం కాదు.

లింగస్వామి బోరు మోటార్ల మెకానిక్. మోత్కూరు చుట్టూ పదిహేను ఊళ్లలో మోటారు మొరాయిస్తే ఆయనకే కబురు. ఆ ఊళ్లు కాగితాల మీద ఇప్పుడు యాదాద్రి జిల్లా, నోటికి మాత్రం ఇంకా నల్లగొండే. ముప్పై ఏళ్లు ఇనుప పైపులు గుంజిన ఆ మనిషి, రెండు నెలల కింద ఒక పొలంలో పైపు పట్టుకుని ఉండగానే గట్టు మీద కూలబడ్డాడు. హైదరాబాద్ దవాఖానలో గుండెకు స్టెంట్ వేశారు. బరువులు ఎత్తొద్దు, ఉప్పు తగ్గించాలి, నూనె రోజుకు రెండు చెంచాలు దాటొద్దు అని చెప్పాడు డాక్టరు. పోతూ పోతూ, వీలైతే ఆలివ్ నూనె వాడుకోండి అని కూడా అన్నాడు. చెప్పినవాటన్నిటిలో దుకాణంలో కొనుక్కోగలిగింది ఆ ఒక్కటే కాబట్టి, ఇంట్లోవాళ్లు దాన్నే గట్టిగా పట్టుకున్నారు.

బరువులు మానేశాక లింగస్వామికి మిగిలిన పని వినడం. మోటారు జబ్బు ఆయన మొదట్నుంచీ చెవితోనే పట్టేవాడు. పొడుగు స్క్రూడ్రైవర్ మొన మోటారుకో పైపుకో ఆనించి, పిడి చెవికి పెట్టుకుంటే చాలు, లోపల ఏది అరిగిందో చెప్పేసేవాడు. ఇప్పుడు రైతులు ఆ చప్పుడు ఫోన్‌లో రికార్డు చేసి వాట్సాప్‌లో పంపుతున్నారు. ఆయన వరండాలో కూర్చుని రెండుసార్లు విని, "బేరింగ్ పోయింది, నడపకుర్రి," అని వాయిస్ మెసేజ్ పెడతాడు. ఆ కాసేపే ముఖం తేటగా ఉంటుంది. అన్నం దగ్గరికి వచ్చేసరికి సగం రొట్టె, నాలుగు ముద్దలు, "సాలు". ఆరు కిలోలు తగ్గాడు. ఖాళీ కడుపున గుప్పెడు గోళీలు మింగి, ఒకరోజు పొద్దున్నే బాత్రూమ్ గోడ పట్టుకుని కళ్లు తిరిగి నిలబడిపోయాడు. మనిషి తినకుంటే మందులేం చేస్తాయి అని డాక్టరు ఫోన్‌లో మనస్వినిని కోప్పడ్డాడు, తిననిది ఆమే అన్నట్టు.

ఇంతలో పక్కింటి హసీనా ఇంకో సంగతి మోసుకొచ్చింది. హసీనాకు బస్టాండు దగ్గర చిన్న దుకాణం ఉంది. అత్తర్లు, సుర్మా, తను స్వయంగా కాచిన తలనూనె అమ్ముతుంది. ఎదురుగానే మిరపకాయ బజ్జీల బండి.

"ఏమనుకోకు అక్కా," అంది మనస్విని తల్లి ప్రమీలమ్మతో, ప్రహరీ గోడ మీద మోచేతులు ఆనించి. "లింగన్న నిన్న బజ్జీ బండి కాడ నిలవడ్డడు. నాలుగు తిన్నడు. నేను జూస్తున్నట్టు తెలుస్తే తినేటి మనిషికి పొరబోతదని మొకం మీదికి ముసుగు గుంజుకున్న."

ప్రమీలమ్మ చేతిలో చీపురు కాసేపు ఆగి మళ్లీ కదిలింది. "నేను చేసింది తినడు. ఎవడో నల్ల నూనెల కాల్చింది తింటడు," అంది. కోప్పడలేదు. తల్లి కోప్పడకపోవడం చూసి మనస్వినికి భయం వేసింది.

ఆ సాయంత్రం లాప్‌టాప్‌లో కొత్త ఫైలు తెరిచి "బాపు తింటలేడు" అని పేరు పెట్టింది. కింద రాసుకుంది: లోపం నూనెలో లేదు, వాసనలో ఉంది. వాసన మార్చొచ్చా?

మార్చొచ్చట. వీడియోల్లో తెల్లటి వంటిళ్లలో మనుషులు పొడుగు సీసాల్లో ఏవో కొమ్మలు గుచ్చి, పైన ఆలివ్ నూనె పోసి, కిటికీలో పెట్టి నవ్వుతున్నారు. రోజ్‌మేరీ, థైమ్, ఆరెగానో. మోత్కూరు సంతలో ఈ మూడూ దొరకవు. ఆరెగానో మాత్రం ఇంట్లోనే ఉంది. హాస్టల్లో ఉన్నన్నాళ్లు పిజ్జాతో వచ్చిన పొట్లాలను ఒక్కటీ పారేయకుండా దాచింది. ఎందుకు దాచిందో అడిగితే ఏ ఇంజనీరూ చెప్పలేడు, అందరూ దాస్తారు.

నాలుగు పొట్లాలు గోరువెచ్చటి నూనెలో వేసి, మర్నాడు వడగట్టి, చెంచాలో పోసి వరండాలోకి పట్టుకెళ్లింది. లింగస్వామి ముక్కు దగ్గర పెట్టుకున్నాడు.

"వాము."

"కాదు బాపూ. ఆరెగానో అంటరు. ఇటలీది."

"ఏ ఊరిదైనా గానీ. కడుపునొస్తే మీ అమ్మ నమలమంటది సూడు, గదే."

మనస్విని లోపలికొచ్చి వెతికింది. రెండు మొక్కలకూ చుట్టరికం లేదు గానీ, రెండింటి ఘాటులోనూ దగ్గర దగ్గర ఒకే సరుకు ఉందట. ఆమె కుర్చీలో నిటారుగా కూర్చుంది. వంటింట్లో డబ్బాడు వాము ఉండగా తను పిజ్జా పొట్లాలు దాచుకుంది. అయితే ఈ ఇంట్లో ఇంకా ఏమేం ఉన్నాయి? పోపు డబ్బా తెచ్చి ముందు పెట్టుకుని, గిన్నెల వరస పేర్చి, ఒక్కొక్కటే నూనెలో వేసి చూసింది. ఎండుమిరపకాయ నీళ్లలో మూతి ముడుచుకుంటుంది, నూనెలో రంగంతా వదిలేస్తుంది. మెంతులు చల్లటి నూనెలో గులకరాళ్లలా పడి ఉంటాయి, సెగ తగిలితే గానీ నోరు విప్పవు. జీలకర్రను నలిపి వేస్తే ఒక వాసన, నలపకుండా వేస్తే ఇంకో వాసన. రెండు రోజులు ఆఫీసు మీటింగుల్లో కెమెరా ఆపేసి ఇదే పని. మూడో రోజు పొద్దున కనిపెట్టిన సత్యాన్ని తల్లి ముందు పెట్టింది.

"వాసన నీళ్లల్ల కరగదు అమ్మా, నూనెల కరుగుతది. అందుకే పోపు నూనెల పెడతరు."

"గిది తెల్సుకోనీకి బీటెక్ సదివినవా," అంది ప్రమీలమ్మ చింతపండు పిసుకుతూ. "నీళ్లల్ల పోపు ఎవలు పెడ్తరే."

బాపుకు ఇష్టమైన వాసన ఎల్లిగడ్డదీ, కల్యామాకుదీ. వెల్లుల్లినీ కరివేపాకునూ ఆ ఇంట్లో అట్లాగే అంటారు. ఆ రెండూ వేసి మనస్విని నూనె కాచింది. ఈ నూనె పల్లీ నూనెలా ఓపిక పట్టదని ఆమెకు తెలియదు. చూస్తుండగానే పొగ లేచింది, ఎల్లిగడ్డ నల్లబడింది, నూనె చేదెక్కింది. ఆ వాసనకు లింగస్వామి వరండాలోంచి లేచి వీధిలోకి నడిచాడు. ఎటువైపో ఎవరూ అడగలేదు.

"లెవ్వు ఇగ," అంది ప్రమీలమ్మ, కూతుర్ని భుజంతో పొయ్యి ముందు నుంచి జరుపుతూ. "నువ్వు మంట పెట్టుడు, మసి జేసుడు. నా తీరుగ నేను జేస్త."

ఆమె తీరు అంటే తొక్కు తీరు. మామిడికాయ తొక్కు, అంటే ఊరగాయ, వీధిలో పదిళ్లకు ఆమే కలిపి పెడుతుంది. ఇరవై ఐదేళ్లలో ఒక్క జాడీకి బూజు పట్టలేదు. తడి తగలొద్దు. ముక్క మునిగి పైన నాలుగు వేళ్ల మందం నూనె తేలాలి. మూడో రోజు దాకా ఎవరూ నోట్లో పెట్టొద్దు, వండినామెతో సహా. మూడో రోజుకు దానంతట అదే ఊరుతుంది. ఇంతే ఆమె చదువు, ఆ చదువుకు తిరుగులేదు.

అలమారలోంచి చిన్న జాడీ తీసింది. కచ్చాపచ్చాగా దంచిన ఎల్లిగడ్డ, కడిగి గుడ్డ మీద ఆరబెట్టిన కల్యామాకు, చీల్చిన పచ్చిమిరపకాయలు వేసింది. పైన ఆలివ్ నూనె పోసింది. చెయ్యి దానంతట అదే ఉప్పు డబ్బా మీదికి పోయింది. అక్కడ ఆగింది.

"డాక్టరు ఉప్పు తగ్గియ్యమన్నడు గద."

"నిమ్మకాయ పిండుతవా?" అని అడిగింది మనస్విని.

"పులుపెందుకే, ఇదేమన్న తొక్కా. నూనె కమ్మగుండాలె."

మూతకు గుడ్డ కట్టి, జాడీని చల్లటి మూలలో పెట్టింది. మనస్విని ఫైలులో రాసుకుంది. వెర్షన్ మూడు. తయారీ అమ్మ. మంట లేదు. ఉప్పు సున్నా.

రెండో రోజుకు ఇల్లంతా వాసన. ఎల్లిగడ్డ ఘాటు గుడ్డలోంచి వచ్చి వరండా దాకా పాకింది. లింగస్వామి ఒక వాట్సాప్ మోటారును మధ్యలో ఆపి, లోపలికి తల పెట్టాడు.

"ఏమే, గా మూలకెల్లి ఏం వాసనొస్తాంది?"

"నీకే. రేపు మూడో దినం," అంది ప్రమీలమ్మ తల తిప్పకుండా.

"రేపు రొట్టెలు జేస్తవా మరి?"

రెండు నెలల్లో ఆయన నోరు తెరిచి ఫలానాది కావాలని అడగడం అదే మొదలు. ప్రమీలమ్మ వెంటనే జొన్నపిండి డబ్బా దించి చూసుకుంది, నిండా ఉన్నా సరే.

మూడో రోజు ఆదివారం. మధ్యాహ్నం పన్నెండున్నరకు రొట్టె తట్టే చప్పుడు మొదలవగానే లింగస్వామి ఎవరూ పిలవకుండా వచ్చి కూర్చున్నాడు. జాడీ తెమ్మని తల్లి చెబితే మనస్విని మూల దగ్గరికి వెళ్లి గుడ్డ విప్పింది. నూనె తేటగా, లేతాకుపచ్చగా ఉంది. వాసన ఎంత బాగుందంటే ఆమెకే నోరూరింది. అప్పుడే ఒక ఎల్లిగడ్డ ముక్క పక్కనుంచి సన్నటి బుడగ లేచింది. మెల్లగా, తొందరేం లేనట్టు, నూనెలో పైకి పాకి పగిలింది. దాని వెనకే ఇంకొకటి.

"అమ్మా, బుడగలొస్తున్నయి."

"ఊరుతాంది. ఊరుతుంటే వస్తయి, తే."

జాడీ తెచ్చి తల్లి చేతికిచ్చింది గానీ, మనస్విని ఆ మాట దగ్గరే ఆగిపోయింది. ఊరడం. చిన్నప్పటి నుంచి వింటున్న మాట. ఊరడమంటే లోపల అసలు ఏం జరుగుతుంది? తొక్కులో అయితే ఉప్పు ముక్కలోంచి నీళ్లు గుంజుతుంది, ఆ నీళ్లలో కారం, ఆవపిండి కలిసి తిరిగి ముక్కలోకి పోతాయి. ఇక్కడ ఉప్పే లేదు. మరి ఏది దేన్ని గుంజుతోంది? ఆ బుడగల్లో ఏముంది? అనుమానంతో కాదు, ఊరికే తెలుసుకుందామని గుమ్మంలో నిలబడి ఫోన్ తీసింది. పచ్చి ఎల్లిగడ్డ, నూనె, బుడగలు అని కొట్టింది.

మొదటి రెండు లైన్లు మామూలుగా చదివింది. మూడో లైనుకు కళ్లు వేగంగా పరిగెత్తాయి. బొటులిజం. మట్టిలో ఉండే ఒక క్రిమి. గాలి ఆడని చోట, ఉప్పూ పులుపూ లేని చోట, తడి ఉన్న పచ్చి ముక్క దొరికితే విషం తయారు చేస్తుంది. నరాలు పడిపోతాయి. రంగు మారదు. వాసన మారదు. చూసి కనిపెట్టలేం.

తలెత్తేసరికి ప్రమీలమ్మ గిన్నెలో నూనె వంచి కంచం పక్కన పెట్టేసింది. లింగస్వామి వేడి రొట్టె తుంచి, ముక్కను గిన్నె మీదికి తెచ్చాడు. మనస్విని రెండంగల్లో వచ్చి గిన్నె లాగేసుకుంది.

"తినకు బాపూ."

రొట్టె ముక్క ఆయన వేళ్ల మధ్య అట్లాగే ఉండిపోయింది. "రెండు నెలల సంది తిను తిను అని పానం దీస్తున్నరు. ఇయ్యాల తింటనంటే కంచం కాడి గిన్నె గుంజుకుంటవా?"

"పాడైంది బాపూ ఇది."

అనకూడని మాట అన్నదని అన్నాక గానీ తెలియలేదు. ప్రమీలమ్మ పెనం మీద రొట్టెను వదిలేసి ఇటు తిరిగింది.

"ఏం పాడైందే? ఏడున్నది బూజు, సూపియ్యి. నా చేతి జాడీ ఒక్కటన్న పాడైందా ఇరవై ఐదేండ్లల్ల?"

"కాలేదు. అవన్నిట్ల ఉప్పుండె అమ్మా. పులుపుండె."

"నూనె తేలింది గద పైన."

"నూనె తలుపసొంటిది. బయటోన్ని లోపటికి రానియ్యదు. లోపటనే ఉన్నోన్ని ఏం జేస్తది? ఎల్లిగడ్డ మట్టిలకెల్లి వచ్చింది, దాని ఎంబడి ఒకడొచ్చిండు. వానికి గాలి పడదు. తొక్కుల అయితే ఉప్పు, పులుపు కావలుంటయి, వాన్ని తల ఎత్తనియ్యవు. ఈ జాడీల కావలోళ్లను పంపిచ్చేసి మనమే తలుపు పెట్టినం."

ప్రమీలమ్మ జాడీలోకి చూసింది. ఇంకో బుడగ మెల్లగా లేచి పగిలింది. కూతురి తలుపు సంగతి ఆమెకు ఎంతవరకు పట్టిందో గానీ, ఉప్పు మాట పట్టింది.

"ఉప్పు తక్కువైతే తొక్కు పాశిపోతదని అందరికి నేనే చెప్త," అంది. "నేనే డబ్బా కాడ ఆగిన."

"నేను సున్నా అని రాసుకున్న గూడ. నాకేం తట్టింది?"

పెనం మీద రొట్టె మాడుతున్న వాసన వచ్చింది. ప్రమీలమ్మ స్టవ్ ఆపి, గిన్నెనూ జాడీనీ తీసుకుని పెరట్లోకి పోయింది. లోపలిదంతా పాత కవర్లో వంచి రెండు ముళ్లు వేసి పక్కన పెట్టింది. ఖాళీ జాడీలో మరిగే నీళ్లు పోసి, చేతులు మోచేతుల దాకా సబ్బుతో కడుక్కుంది.

లింగస్వామి రొట్టె ముక్కను కంచంలో పెట్టి లేచాడు. "మీరిద్దరు తేల్సుకోండ్రి. నేను గట్ల బస్టాండు దాకా పోయొస్త."

బస్టాండులో ఆయనకు ఏం పనో ముగ్గురికీ తెలుసు.

"ఒక్క గంట ఆగు బాపూ."

"గంటల ఏం జేస్తవ్?"

మనస్వినికి తెలియదు. తెలియదని ఒప్పుకునేలోపే ప్రహరీ గోడ మీద హసీనా తల కనిపించింది. ఆదివారం దుకాణం బంద్, తన పెరట్లోకి మాటలన్నీ వినబడ్డాయి.

"నా తలనూనెల నేను పచ్చి కల్యామాకే ఏస్త బేటీ. దానికేం కాదు."

"ఎట్ల కాదు ఆపా?" మనస్విని గోడ దగ్గరికి పోయింది. తప్పు పట్టడానికి కాదు, నిజంగానే తెలుసుకోవాలనిపించింది.

"నీళ్లు తీస్త గద. సన్న సెగ మీద పెడ్తె ఆకుల ఉన్న నీళ్లు బయటికొస్తయి. సర్‌సర్‌మని ఒకటే లొల్లి. ఆ సప్పుడు బందయ్యేదాక కాస్త. సప్పుడు బందంటె నీళ్లు ఖతం. మా అమ్మీ అంటుండె, నూనె కండ్లతోని కాయొద్దు, చెవులతోని కాయాలె అని."

లింగస్వామి ఒక చెప్పు వేసుకుని, రెండోదాన్ని కాలితో వెతుకుతున్నాడు. చెవులన్న మాటకు కాలు వెతకడం ఆపింది.

హసీనా చుట్టు తిరిగి గేటులోంచి వచ్చింది. మందపాటి చిన్న గిన్నె అడిగి తీసుకుని, దోసెడు ఆలివ్ నూనె పోసి, మంటను ఇంతకన్నా తగ్గితే ఆరిపోతుందన్నంత సన్నగా పెట్టింది. ఎల్లిగడ్డను దంచలేదు, పలచగా కోయించింది. కల్యామాకు దూసి వేసింది. కొంచెంసేపు ఏమీ లేదు. తర్వాత గిన్నె మాట్లాడటం మొదలుపెట్టింది.

"ఇగో, ఇంటున్నవా," అంది హసీనా.

మనస్విని చెవి వంచింది. వాన దూరంగా రేకుల మీద పడుతున్నట్టు ఉంది. అది ఆకులోంచి నీళ్లు పారిపోతున్న చప్పుడు. మొన్న తను కాచినప్పుడు కూడా ఇదే చప్పుడు వచ్చి ఉంటుంది. అప్పుడు చెవుల్లో ఇయర్‌ఫోన్లు ఉన్నాయి.

"రెండు సప్పుళ్లున్నయి," అన్నాడు లింగస్వామి వెనకనుంచి. ఒంటి చెప్పుతో గుమ్మంలో నిలబడి ఉన్నాడు.

"ఒకటే గద అన్నా," అంది హసీనా.

"కాదు. ఒకటి సన్నది, దమ్ము తీసుకోకుంట వస్తాంది. అది ఆకు. ఇంకోటి లావుది, ఆగి ఆగి వస్తాంది. అది ఎల్లిగడ్డ. ఆకు అయిపోవచ్చింది. ఇగ తియ్యకుంటె మాడుతది."

హసీనా ఒక ఆకును గంటెతో తీసి వేళ్ల మధ్య నలిపింది. పొడి పొడి అయింది. ఆమె లింగస్వామి వైపు ఒకసారి, గిన్నె వైపు ఒకసారి చూసింది. "ఇన్నేండ్ల సంది కాస్తున్న. రెండున్నయని నాకు ఎర్కనే లేదు," అని గబగబా ఆకంతా తీసేసింది.

"మరి ఎల్లిగడ్డల ఇంక ఎన్ని నీళ్లున్నయి బాపూ?" అడిగింది మనస్విని.

"ఆగు," అని వరండాలోకి పోయాడు. వచ్చేటప్పుడు చేతిలో మూరెడు స్క్రూడ్రైవర్ ఉంది. చొక్కా కొసతో మొన తుడిచి, గిన్నె అంచుకు ఆనించి, పిడి చెవికి పెట్టుకుని కళ్లు మూసుకున్నాడు.

"ఎవలన్న జూస్తె నవ్వుతరయ్యా," అంది ప్రమీలమ్మ. పెరట్లోంచి వచ్చాక ఆమె మాట్లాడిన మొదటి మాట అది.

ఆయన ఎడమ చెయ్యి ఎత్తాడు, చప్పుడు చెయ్యొద్దని. వంటింట్లో నలుగురు మనుషులు ఊపిరి బిగబట్టి నిలబడ్డారు. నాలుగు నిమిషాలు అయి ఉంటుంది. మనస్వినికి ఏమీ వినబడటం లేదు, ఆయనకు మాత్రం ఇంకా వినబడుతోంది. "మూలకున్న ముక్క ఒక్కటే," అన్నాడు కళ్లు తెరవకుండా. కొంచెం ఆగి, "అయిపోయింది. బంద్ జెయ్యి," అన్నాడు.

ఎల్లిగడ్డ బంగారు రంగులో ఉంది, నలుపు లేదు. ఆ వేడిలోనే రెండు ఎండుమిరపకాయలు తుంచి వేశారు, నలిపిన జీలకర్ర, చిటికెడు వాము వేశారు. ఎండు సరుకులో నీళ్లుండవు కాబట్టి ఆ చప్పుడు వేరు, ఒక్కసారి చిటపటమని ఊరుకుంది. అది కూడా వింటూ లింగస్వామి తలూపాడు. చల్లారాక ప్రమీలమ్మ పొడి గుడ్డతో వడగట్టింది. ముక్క ఒక్కటి కూడా సీసాలోకి పోవద్దని మనస్విని పట్టుబట్టింది. ఎర్రటి నూనె దిగింది.

పాత రొట్టె చల్లబడిపోయింది. ప్రమీలమ్మ ఇంకోటి తట్టి పెనం మీద వేసింది. మనస్విని చెంచాతో కొలిచి రెండు చెంచాలు గిన్నెలో పోసింది. లింగస్వామి తుంచి, అద్ది, నోట్లో పెట్టుకున్నాడు. నమిలాడు. ముగ్గురు ఆడవాళ్లూ చూస్తున్నారు.

"నన్నెందుకు జూస్తున్నరు? నేనేమన్న మోటరునా?"

ఎవరి పనిలో వాళ్లు ఉన్నట్టు అటు తిరిగారు. మనస్విని సీసాకు కాగితం అతికించి తేదీ వేసింది. వెనకాల రొట్టె తుంచిన చప్పుడు వినబడింది. కాస్త ఆగి మళ్లీ. లెక్కపెట్టకూడదనుకుంటూనే లెక్కపెట్టింది. ఒక రొట్టెకు ఎనిమిది ముక్కలు వచ్చాయి.

"ఎట్లుంది అన్నా?" హసీనా ఉండబట్టలేక అడిగింది.

"పల్లీ నూనె అంత లేదు." ఇంకో మాట కోసం వెతుక్కున్నాడు. "కానీ పోపు వాసనొస్తాంది. తినొచ్చు." ఖాళీ కంచం కొంచెం ముందుకు జరిపాడు. "ఇంకోటి ఉన్నదా?"

ప్రమీలమ్మ పిండి ముద్ద తీసుకుని తట్టడం మొదలుపెట్టింది.

మనస్విని సీసాను ఫ్రిజ్‌లో పెడుతుంటే లింగస్వామి అటు చూశాడు. "గా కాగితమేంది?"

"తారీఖు బాపూ. నాలుగు దినాలు, గంతే. ఎల్లిగడ్డ తోని పరాచికాలొద్దు. ఉంటే గూడ పారబోస్త."

"నాలుగు దినాలకోపారి మళ్ల కాయాల్నా?"

"కాయాలె."

"అంటే బేస్తారం." చెయ్యి నాకి, గురువారం తన పనులేంటో ఆలోచించాడు. "బేస్తారం పొద్దుగాల కాయకుండ్రి, పొద్దుగాల మోటర్ల మెసేజులు మస్తుంటయి. పదకొండింటికి పెట్టుండ్రి. మీరొక్కరే పెట్టుకుంటె ఆకు మాడగొడ్తరు."

"సరే, పిలుస్తం తీ," అంది ప్రమీలమ్మ, రెండో రొట్టె కంచంలో వేస్తూ.

ఆయన తుంచాడు, వేడికి వేళ్లు విదిలించుకున్నాడు, ఊదుకున్నాడు. "కొత్తిమీర కాడలు గూడ తెప్పియ్యి," అన్నాడు నోటినిండా రొట్టెతో. "దాని సప్పుడెట్లుంటదో ఏమో."